కరెంటు, నిరోధం: లెక్క మొదలుపెట్టే ముందు ఏది మారడం లేదో చూడు

ప్రశ్న: మాది కళ్యాణదుర్గం దగ్గర పల్లె. పదో తరగతి చదువుతున్నాను. ఓల్టేజి మారకపోతే కరెంటు నిరోధానికి విలోమానుపాతంలో ఉంటుందని చదివాం. ఎనిమిదో తరగతిలో నేర్చుకున్న కూలీలు, రోజుల లెక్కలాగే చేసుకుంటూ పోతే కొన్ని సరిపోతున్నాయి, కొన్ని తప్పుతున్నాయి. మొన్న పరీక్షలో రెండు పోయాయి. మొదటిది: 2, 3, 6 ఓమ్‌ల నిరోధాలను సమాంతరంగా కలిపి మొత్తం 12 ఆంపియర్లు పంపితే ఒక్కోదానిలో ఎంత పోతుంది? నేను 6:3:2 నిష్పత్తిలో పంచాను. రెండోది: 4, 8 ఓమ్‌లను శ్రేణిలో 24 ఓల్టులకు కలిపితే కరెంటు ఎంత? నిరోధం ఎక్కువున్న దాంట్లో తక్కువ పోవాలని 4 ఓమ్‌లలో 6 ఆంపియర్లు, 8 ఓమ్‌లలో 3 ఆంపియర్లు అని రాశాను. ఇంకో సందేహం. లో ఓల్టేజి ఉంటే బోరు మోటారు కరెంటు ఎక్కువ లాగుతుంది, వైండింగు కాలిపోతుంది అంటాడు మా నాయన. ఓల్టేజి తగ్గితే కరెంటు కూడా తగ్గాలి కదా? పుస్తకం తప్పా, మా నాయన తప్పా?

సమాధానం: పుస్తకమూ తప్పు కాదు తల్లీ, మీ నాయన మాటా తప్పు కాదు. నీ రెండు లెక్కలు పోవడానికీ, మోటారు సంగతి అర్థం కాకపోవడానికీ కారణం ఒక్కటే. "ఓల్టేజి మారకపోతే" అనే రెండు మాటలను నువ్వు చదివావు గానీ లెక్కలో వాడుకోలేదు. విలోమానుపాతం లెక్కలో అసలు పని ఆ రెండు మాటలదే.

నువ్వు చెప్పిన కూలీల లెక్కనే తీసుకుందాం. ఒక చేనులో శెనక్కాయ పీకడానికి 12 మంది కూలీలకు 4 రోజులు పడితే 16 మందికి ఎన్ని రోజులు? 12 × 4 = 48, 48 ÷ 16 = 3 రోజులు. ఇక్కడ 48 అంటే ఆ చేనులో ఉన్న మొత్తం పని. చేను అదే కాబట్టి 48 మారలేదు. మొదటి రోజులు ఒక చేనువి, రెండో రోజులు ఇంకో చేనువి అయితే ఈ లెక్క ఎవరూ చేయరు. కరెంటు లెక్కలో ఆ 48 స్థానంలో ఉండేది ఓల్టేజి. కరెంటు × నిరోధం = ఓల్టేజి. విలోమానుపాతంలో స్థిరాంకం అని రాస్తారే, దానికి ఇక్కడ ఒక పేరుంది, ఒక ప్రమాణముంది, మీటరు పెట్టి కొలిచే వీలూ ఉంది. అందుకే లెక్క చేతికి రాగానే అడగాల్సిన మొదటి ప్రశ్న: ఈ రెండు సందర్భాల్లోనూ, లేదా ఈ రెండు నిరోధాలకూ, ఓల్టేజి ఒకటేనా? అవును అంటేనే విలోమానుపాతం. కాదంటే దాన్ని పక్కన పెట్టాలి.

మామూలు లెక్క ఒకటి పద్ధతిగా చేసి చూపిస్తాను. ఒక బ్యాటరీకి 12 ఓమ్‌ల నిరోధం కలిపితే 2 ఆంపియర్లు పోయింది. దాన్ని తీసి 8 ఓమ్‌లు పెడితే ఎంత పోతుంది? మొదటి వరుసలో "బ్యాటరీ అదే కాబట్టి ఓల్టేజి స్థిరం" అని రాయి. ఆ వరుస నీకోసమే రాస్తున్నావనుకో, తొందరలో పొరపాటు పడకుండా కాపాడేది అదే. తరువాత 2 × 12 = 24 ఓల్టులు. ఆ వెంటనే 24 ÷ 8 = 3 ఆంపియర్లు. చివరగా నిరోధం తగ్గింది, కరెంటు పెరిగింది, దిశ సరిపోయిందని చూసుకో. 12కు 2 అయితే 8కి ఎంత అని అడ్డగుణకారం వేసేవాళ్లకు 1.33 వస్తుంది. అది అనులోమానుపాతం లెక్క. దిశ చూసుకునే అలవాటున్నవాళ్లు అక్కడే పట్టేస్తారు.

ప్రమాణాల విషయంలో ఒక చిన్న ఉపాయం. కరెంటు మిల్లీఆంపియర్లలో, నిరోధం కిలో ఓమ్‌లలో ఇస్తే రెంటినీ మార్చాల్సిన పని లేదు, గుణిస్తే నేరుగా ఓల్టులే వస్తాయి. ఒకటి మిల్లీఆంపియర్లలో, ఇంకోటి ఓమ్‌లలో ఉంటే మాత్రం వచ్చేది మిల్లీఓల్టులు. అక్కడ వెయ్యి రెట్ల తేడా వస్తుంది.

ఇప్పుడు నీ మొదటి లెక్క. సమాంతరంగా కలిపినప్పుడు మూడు నిరోధాలకూ ఓల్టేజి ఒకటే. కాబట్టి విలోమానుపాతం వాడాలన్న నీ ఆలోచన సరైనదే. తప్పింది నిష్పత్తి దగ్గర. 2:3:6 ను తిరగేసి 6:3:2 అని రాశావు. రెండు సంఖ్యలే ఉంటే అలా తిరగేసినా సరిపోతుంది. 6, 12 ఓమ్‌లు సమాంతరంగా ఉంటే కరెంట్లు 12:6, అంటే 2:1. ఆ అలవాటే మూడు సంఖ్యల దగ్గర దెబ్బ తీస్తుంది. తిరగేయాల్సింది వరుసను కాదు, ఒక్కో సంఖ్యను. 2కు 1/2, 3కు 1/3, 6కు 1/6. మూడింటినీ 6తో గుణిస్తే 3:2:1. మొత్తం 6 భాగాలు, 12 ఆంపియర్లు. ఒక భాగం 2 ఆంపియర్లు. కాబట్టి 2 ఓమ్‌లలో 6, 3 ఓమ్‌లలో 4, 6 ఓమ్‌లలో 2 ఆంపియర్లు.

సరిచూడటం తేలిక. 6 × 2 = 12, 4 × 3 = 12, 2 × 6 = 12. మూడు లబ్ధాలూ ఒకటే అయ్యాయి, ఓల్టేజి 12. ఇదే పరీక్ష నీ జవాబుకు పెడదాం. 12 ఆంపియర్లను 6:3:2 లో పంచితే సుమారు 6.55, 3.27, 2.18 వస్తాయి. లబ్ధాలు 13.1, 9.8, 13.1. ఒకే రెండు కొసల మధ్య ఒక దారిలో 13 ఓల్టులు, పక్క దారిలో 10 ఓల్టులు ఉండవు కదా. మధ్యది తేడా కొట్టడంతోనే తప్పు బయటపడింది. పరీక్షలో ఈ మూడు గుణకారాలకు అర నిమిషం పట్టదు. జవాబు కింద గీత గీసే ముందు తప్పక చెయ్యి.

రెండో లెక్కలో తప్పు వేరే రకం. శ్రేణిలో ఉన్నప్పుడు 4 ఓమ్‌లకూ 8 ఓమ్‌లకూ ఓల్టేజి ఒకటి కాదు. రెంటికీ ఒకటిగా ఉండేది కరెంటు, ఎందుకంటే అది పోవడానికి ఉన్నది ఒకటే దారి. మొదటిదాంట్లో 6 ఆంపియర్లు పోయి రెండోదాంట్లో 3 పోతే మిగిలిన 3 ఎక్కడికి పోయినట్టు? 24 ఓల్టులూ 4 ఓమ్‌లకే ఉన్నట్టు ఒకసారి, 8 ఓమ్‌లకే ఉన్నట్టు ఇంకోసారి వాడేశావు. మొత్తం నిరోధం 4 + 8 = 12 ఓమ్‌లు, కరెంటు 24 ÷ 12 = 2 ఆంపియర్లు, రెంటిలోనూ అదే. ఓల్టేజి మాత్రం 8, 16 ఓల్టులుగా నిరోధాలకు అనులోమానుపాతంలో పంచుకుంటుంది. గుర్తుంచుకో: శ్రేణిలో నిరోధం ఎక్కువున్న దానికి ఓల్టేజి ఎక్కువ, సమాంతరంలో నిరోధం ఎక్కువున్న దానికి కరెంటు తక్కువ.

అలాగని శ్రేణి లెక్కల్లో విలోమానుపాతానికి చోటే లేదనుకోకు. మొత్తం నిరోధానికీ మొత్తం కరెంటుకూ మధ్య అది ఉంటుంది. పరీక్షల్లో ఇష్టంగా అడిగే ఈ లెక్క చూడు: ఒక వలయంలో 3 ఆంపియర్లు పోతోంది. శ్రేణిలో ఇంకో 5 ఓమ్‌లు చేర్చితే 2 ఆంపియర్లకు తగ్గింది. మొదట ఉన్న నిరోధం ఎంత? తెలియని దాన్ని "ని" అనుకో. మూలం అదే కాబట్టి రెండు లబ్ధాలూ సమానం.

3 × ని = 2 × (ని + 5)

ని = 10 ఓమ్‌లు. ఓల్టేజి 3 × 10 = 30. సరిచూస్తే 30 ÷ 15 = 2 ఆంపియర్లు. ఇక్కడ జరిగే పొరపాటు, 5 ఓమ్‌లకు 1 ఆంపియరు తగ్గింది కాబట్టి ఇంకో 5 ఓమ్‌లు చేర్చితే ఇంకో ఆంపియరు తగ్గి 1 అవుతుందనుకోవడం. నిరోధం 20 ఓమ్‌లు అయితే కరెంటు 30 ÷ 20 = 1.5 ఆంపియర్లు. రెండోసారి తగ్గింది అర ఆంపియరే. విలోమానుపాతంలో సమానంగా కూడుతూ పోతే సమానంగా తగ్గదు. మొదట్లో వేగంగా, పోను పోను నెమ్మదిగా తగ్గుతుంది. గ్రాఫు వంపు తిరిగేది అందుకే.

శాతాల లెక్క కూడా ఇక్కడే మోసం చేస్తుంది. నిరోధం 25 శాతం పెరిగితే కరెంటు 25 శాతం తగ్గుతుందని చాలామంది రాస్తారు. నిరోధం 1.25 రెట్లు అయితే కరెంటు 1 ÷ 1.25 = 0.8 రెట్లు, అంటే 20 శాతం తగ్గింది. తిరిగి పాత నిరోధానికి రావాలంటే నిరోధం 20 శాతం తగ్గాలి, అప్పుడు కరెంటు 25 శాతం పెరుగుతుంది. శాతం కనబడగానే దాన్ని రెట్లలోకి మార్చుకుని ఆ తరువాత తిరగెయ్యి.

ఇక మీ నాయన చెప్పిన మోటారు దగ్గరికొద్దాం. మన జిల్లాలో బోరు మోటారు కాలిపోవడమంటే ఇంటి మీద పడే బరువు. ఇది పరీక్ష మార్కుల కన్నా పెద్ద విషయం.

నువ్వు అనుకున్నట్టు ఓల్టేజి తగ్గితే కరెంటు తగ్గాలంటే నిరోధం స్థిరంగా ఉండాలి. నీళ్లు కాగబెట్టే హీటరు తీగకు అది దాదాపు నిజం. 230 ఓల్టుల, 1000 వాట్ల హీటరు నిరోధం సుమారు 53 ఓమ్‌లు. 230 ఓల్టుల దగ్గర 4.3 ఆంపియర్లు తీసుకునేది 180 ఓల్టులకు పడితే 3.4 ఆంపియర్లే తీసుకుంటుంది. నీళ్లు ఆలస్యంగా కాగుతాయి, అంతకు మించి నష్టం లేదు.

మోటారు సంగతి వేరు. బోరులోంచి అంత ఎత్తుకు నీళ్లు తోడాలన్న పని దాని మీద ఉంది. ఓల్టేజి కాస్త తగ్గినంత మాత్రాన ఆ పని పెద్దగా తగ్గదు. ఇక్కడ దాదాపు స్థిరంగా ఉండేది నిరోధం కాదు, ఓల్టేజి కాదు, సామర్థ్యం, అంటే వాట్లు. వాట్లు ఓల్టేజి, కరెంటుల లబ్ధాన్ని బట్టి ఉంటాయి. మూడు ఫేజులకు వచ్చే మిగతా గుణకాలు రెండు వైపులా ఉండి రద్దయిపోతాయి. లబ్ధం మారకపోతే కరెంటు ఓల్టేజికి విలోమానుపాతం! ఇదీ నీ పాఠమే, జత మాత్రం మారింది.

మోటారు ప్లేటు మీద 415 ఓల్టులు, 9 ఆంపియర్లు అని ఉందనుకో. ఓల్టేజి 340కి పడింది.

415 × 9 = 3735
3735 ÷ 340 = 10.98, సుమారు 11 ఆంపియర్లు

కరెంటు 1.22 రెట్లు అయింది. వైండింగులో పుట్టే వేడి కరెంటు వర్గాన్ని బట్టి ఉంటుంది కాబట్టి 1.22 × 1.22, దాదాపు 1.5 రెట్లు. మామూలుగా పుట్టే వేడికి ఇంకో సగం అదనం. ఆ వేడికి వైండింగు తీగ మీది ఇన్సులేషను చెడిపోతుంది. మీ నాయన అన్నది అక్షరాలా ఇదే.

ఈ 11 అన్నది ఉజ్జాయింపు అంకె అని గమనించు. ఓల్టేజి తగ్గితే మోటారు వేగం కొంచెం పడిపోతుంది, పంపు ఎత్తే నీళ్లూ కొంచెం తగ్గుతాయి, మోటారు దక్షత కూడా మారుతుంది. అసలు కరెంటు దీనికి అటూ ఇటూ ఉండొచ్చు. దిశ మాత్రం మారదు. ఇంకా కిందికి పోతే ఈ లెక్క కూడా చెల్లదు. మోటారు తిప్పే బలం ఓల్టేజి వర్గంతో పాటు తగ్గుతుంది. 340 దగ్గరే అది మూడింట రెండు వంతులకు పడిపోతుంది. ఒక హద్దు దాటాక మోటారు తిరగలేక ఆగిపోతుంది. తిరుగుతున్న మోటారులో సరఫరాకు ఎదురుగా ఒక ఓల్టేజి పుట్టి కరెంటును అదుపులో ఉంచుతుంది. ఆగిన మోటారులో ఆ ఎదురు లేదు. అప్పుడు మామూలు కరెంటుకు కొన్ని రెట్లు పోతుంది. స్టార్టరు నొక్కగానే ఒక్క క్షణం ఉండేదీ ఆ కరెంటే, కాకపోతే అది క్షణమే. వైండింగు నిరోధాన్ని మల్టీమీటరుతో కొలిచి, 415ను దానితో భాగించి కరెంటు కనుక్కోవాలని చూసేవాళ్లకు అంతుపట్టని పెద్ద అంకె వచ్చేది కూడా ఈ ఎదురు ఓల్టేజిని లెక్కలోకి తీసుకోకపోవడం వల్లే.

నాయనకు చెప్పాల్సింది ఒకటుంది. లో ఓల్టేజి ఉన్న వేళ స్టార్టరులో, కరెంటు హద్దు దాటితే మోటారును ఆపేసే ఓవర్‌లోడు రిలే మాటిమాటికీ ట్రిప్పు అవుతుంటే, దాని సెట్టింగు పెంచి మోటారు ఆడించడం మంచిది కాదు. ప్లేటు మీద ఉన్న ఆంపియర్లకే అది సెట్ చేసి ఉండాలి. 9 ఆంపియర్ల మోటారుకు రిలేను 12కు తిప్పితే, మనం పైన లెక్కగట్టిన 11 ఆంపియర్లు గంటలకొద్దీ పోతున్నా అది పలకదు. ట్రిప్పు అయిందంటే రిలే చెడిపోయిందని కాదు, దాని పని అది చేసిందని. సెట్టింగు చూడటం, మార్చడం మెకానిక్కు పని. నువ్వు ఆ పెట్టె జోలికి పోవద్దు.

కేబులు సంగతి కూడా చెబుతాను, ఎందుకంటే అది మళ్లీ విలోమానుపాతమే. తీగ నిరోధం పొడవుకు అనులోమంలో, అడ్డుకోత వైశాల్యానికి విలోమంలో ఉంటుంది. 100 మీటర్ల రాగి తీగకు నిరోధం × వైశాల్యం సుమారు 1.72 వస్తుంది, వైశాల్యం చదరపు మిల్లీమీటర్లలో తీసుకుంటే. 2.5 చదరపు మిల్లీమీటర్ల కేబులులో ఒక్కో తీగకు 1.72 ÷ 2.5 = 0.69 ఓమ్‌లు. 4 చదరపు మిల్లీమీటర్లకు 0.43 ఓమ్‌లు. 9 ఆంపియర్లు పోతుంటే మొదటిదాంట్లో ఒక్కో తీగలో 6.2 ఓల్టులు, రెండోదాంట్లో 3.9 ఓల్టులు పోతాయి. బోరు ఎంత లోతైతే ఈ నష్టం అంత పెరుగుతుంది. లెక్కల పరీక్షలో మాత్రం వైశాల్యం అన్నారా, వ్యాసం అన్నారా అని ఒకటికి రెండుసార్లు చదువు. వైశాల్యం రెట్టింపైతే నిరోధం సగం. వ్యాసం రెట్టింపైతే వైశాల్యం నాలుగు రెట్లు, నిరోధం నాలుగో వంతు. అంతమాత్రాన కేబులు నిరోధం సగమైతే మోటారు కరెంటు రెట్టింపు అవుతుందనుకోకు. కేబులు మోటారుతో శ్రేణిలో ఉంది, కరెంటును శాసించేది మోటారు.

మన వైపు చూడదగ్గ ఇంకో రకం కూడా ఉంది. ఎన్.పి.కుంట సోలారు పార్కు గురించి వినే ఉంటావు. ఇప్పుడది శ్రీ సత్యసాయి జిల్లాలో ఉంది, ముందు మన జిల్లాదే. సోలారు పలక బ్యాటరీలా ఓల్టేజిని నిలబెట్టదు. ఎండ ఎంతుందో అంత కరెంటును నిలబెడుతుంది. 10 వాట్ల చిన్న పలకను మంచి ఎండలో పెట్టి 10 ఓమ్‌లు కలిపితే దాదాపు 0.6 ఆంపియర్లు వస్తుంది. 20 ఓమ్‌లు కలిపినా సుమారు అంతే వస్తుంది, ఓల్టేజి మాత్రం 6 నుంచి 12 దగ్గరికి పెరుగుతుంది. నిరోధం ఇంకా బాగా పెంచితేనే కరెంటు పడిపోవడం మొదలవుతుంది. ఇక్కడ విలోమానుపాతం సూత్రం వేసి 0.6 లో సగం 0.3 అంటే తప్పు. బ్యాటరీ ఓల్టేజిని, హీటరు నిరోధాన్ని, మోటారు వాట్లను, సోలారు పలక కరెంటును దాదాపు మారకుండా ఉంచుతాయి. లెక్కలో వాటిలో ఏది ఉందో చూస్తే ఏ అనుపాతమో తెలిసిపోతుంది.

ఇదంతా కాగితం మీదే కాకుండా చేత్తో చేసి చూడు. రెండు పెన్సిల్ సెల్లులు, అవి పట్టే డబ్బా, 100, 150, 220, 330, 470, 1000 ఓమ్‌ల పావు వాట్ రెసిస్టర్లు, ఒక డిజిటల్ మల్టీమీటరు చాలు. రెసిస్టర్లు ఎలక్ట్రానిక్ సామాన్ల అంగడిలో దొరుకుతాయి. మీటరు బడి ప్రయోగశాలలో ఉంటే అడుగు. ఇంట్లోని 230 ఓల్టుల సాకెట్టుతో మాత్రం ఈ ప్రయోగాలేవీ చేయవద్దు.

ముందు బ్యాటరీ ఓల్టేజి కొలిచి రాసుకో. 3 ఓల్టులు అనుకుంటే రావాల్సిన కరెంట్లు ఇవి: 100 ఓమ్‌లకు 30 మిల్లీఆంపియర్లు, 150కి 20, 220కి 13.6, 330కి 9.1, 470కి 6.4, 1000కి 3. ఒక్కోదాన్ని గుణించి లబ్ధం పక్కన రాయి. అన్నీ సరిగ్గా 3 రావు. రెసిస్టరు చివర బంగారు రంగు పట్టీ ఉందంటే రాసిన విలువకు 5 శాతం అటూ ఇటూ ఉండొచ్చని అర్థం. వీలైతే ఒక్కో రెసిస్టరునూ ముందే మీటరుతో కొలిచి ఆ విలువే వాడు.

అమ్మీటరును ఎప్పుడూ శ్రేణిలోనే పెట్టాలి. మీటరు నాబు మిల్లీఆంపియర్ల మీద ఉండగా దాన్ని నేరుగా బ్యాటరీ రెండు కొసలకు తగిలిస్తే, దాని లోపలి నిరోధం చాలా తక్కువ కాబట్టి పెద్ద కరెంటు పోయి లోపలి ఫ్యూజు పోతుంది. పిల్లల చేతిలో మల్టీమీటర్లు ఎక్కువగా పోయేది ఇలాగే. రెండో జాగ్రత్త, చవక మీటర్లలో 200 మిల్లీఆంపియర్ల స్థానంలో మీటరు సొంత నిరోధం ఒక ఓమ్ దాకా, 20 మిల్లీఆంపియర్ల స్థానంలో 10 ఓమ్‌ల దాకా ఉంటుంది. మధ్యలో నాబు మారిస్తే నీకు తెలియకుండా వలయంలో 10 ఓమ్‌లు చేరినట్టే. 330 ఓమ్‌లకు 9.1 రావాల్సింది 8.8 వస్తుంది. అన్ని కొలతలూ 200 స్థానంలోనే తీసుకో. మూడోది, 10 ఓమ్‌ల రెసిస్టరు పెట్టవద్దు. 3 × 3 ÷ 10 = 0.9 వాట్లు, పావు వాట్ రెసిస్టరు చెయ్యి కాలేంత వేడెక్కి పాడవుతుంది. 100 ఓమ్‌లకైతే 0.09 వాట్లే. రెసిస్టరు బదులు టార్చి బల్బు కూడా వద్దు. చల్లగా ఉన్నప్పుడు బల్బు తీగ నిరోధం వెలిగేటప్పటి నిరోధంలో చిన్న భాగమే. కొలిచినది ఒకటి, వలయంలో పని చేసేది ఇంకోటి అవుతుంది.

గ్రాఫు గీసేటప్పుడు నిరోధం, కరెంటు తీసుకుంటే వంపు గీత వస్తుంది. అది విలోమానుపాతమేనా, ఇంకేదైనా వంపా అని కంటితో తేల్చలేం. నిరోధం ఒక అక్షం మీద, 1/కరెంటు ఇంకో అక్షం మీద తీసుకో. సరళరేఖ వస్తే సరి. ఆ గీత మూలబిందువు గుండా కాకుండా కొంచెం పక్కగా పోయిందనుకో, అది నీ చేతి తప్పు కాకపోవచ్చు. సెల్లుకూ మీటరుకూ లోపల ఉన్న నిరోధం అలా బయటపడుతుంది. కింది ఉదాహరణ చూడు. రెండు పాత సెల్లులకు 5 ఓమ్‌ల వేడిని బాగా తట్టుకునే నిరోధం కలిపితే 0.5 ఆంపియర్లు, 11 ఓమ్‌లు కలిపితే 0.25 ఆంపియర్లు వచ్చాయి. లబ్ధాలు 2.5, 2.75. సమానం కాలేదు. లోపలి నిరోధాన్ని "లో" అనుకుని రెండు వైపులా కలుపు.

0.5 × (5 + లో) = 0.25 × (11 + లో)

లో = 1 ఓమ్. ఇప్పుడు 0.5 × 6 = 3, 0.25 × 12 = 3. కనబడే నిరోధంతో కుదరని విలోమానుపాతం మొత్తం నిరోధంతో కుదిరింది.

ఈ నియమాన్ని కనిపెట్టిన జర్మనీ శాస్త్రవేత్త ఓమ్ ఎదుర్కొన్న ఇబ్బంది కూడా సరిగ్గా ఇదే. ఆ కాలపు బ్యాటరీల ఓల్టేజి ప్రయోగం మధ్యలోనే జారిపోయేది. దానితో ఏ నియమమూ నిలబడలేదు. 1826లో ఆయన బ్యాటరీని పక్కనపెట్టి, బిస్మతు, రాగి కలిపిన జంటలో ఒక అతుకును మరిగే నీళ్లలో, ఇంకో అతుకును మంచులో ఉంచి దాని ఓల్టేజితో ప్రయోగం చేశారు. మరిగే నీళ్ల ఉష్ణోగ్రత, మంచు ఉష్ణోగ్రత మారవు కాబట్టి ఓల్టేజి కూడా కదలలేదు. వేర్వేరు పొడవుల తీగలు పెట్టి చూస్తే కరెంటు ఒక స్థిరాంకాన్ని (తీగ పొడవు + ఇంకో స్థిరాంకం)తో భాగించినట్టుగా వచ్చింది. ఆ రెండో స్థిరాంకం వలయంలో మిగతా భాగాల నిరోధం, మనం పైన "లో" అన్నది. 1827లో అచ్చయిన ఆయన పుస్తకంతో ఆ నియమం లోకానికి తెలిసింది. ఓల్టేజిని కదలకుండా పట్టుకోవడానికి ఆయన అంత శ్రమపడ్డాడు కాబట్టే మనం పరీక్షలో ఒక్క వరుసలో "ఓల్టేజి స్థిరం" అని రాయగలుగుతున్నాం.

చేసి చూసుకోవడానికి రెండు లెక్కలు ఇస్తున్నాను. ఒకటి: బ్యాటరీకి 6 ఓమ్‌లు కలిపితే 1.5 ఆంపియర్లు పోయింది. దానికి సమాంతరంగా 3 ఓమ్‌లు చేర్చితే బ్యాటరీ నుంచి వచ్చే మొత్తం కరెంటు ఎంత? సెల్లు లోపలి నిరోధం లేదనుకో. రెండు: ఒక తీగను అదే ఓల్టేజికి కలిపితే 2 ఆంపియర్లు పోతోంది. ఆ తీగనే సాగదీసి పొడవు రెట్టింపు చేసి మళ్లీ కలిపితే ఎంత పోతుంది? రెండోదాంట్లో పొడవు రెట్టింపైతే తీగ సన్నబడుతుందన్నది మరవకు. లోహం ఎంతుందో అంతే ఉంది కాబట్టి వైశాల్యం సగమవుతుంది. మొదటిదానికి 4.5 ఆంపియర్లు, రెండోదానికి 0.5 ఆంపియర్లు రావాలి. రెండోదానికి 1 వస్తే వైశాల్యాన్ని వదిలేశావని అర్థం.